దొంగకుక్కయు రక్షకభటులును

రాజుల యుద్ధములకు చరిత్రము గలదు. మతములకు చరిత్రము గలదు. వర్తకమునకును, వైద్యమునకును, తుదకు వంటకును చరిత్రము వ్రాసినవారు కలరు. నవ్వునకు మాత్రము చరిత్రము వ్రాయుట యరుదు. నవ్వు క్షణికమైనదనియు, అది వెనుక మిగిల్చిపోవున దేమియు లేదనియు పెద్దలు తలంతురు కాబోలు. కాని యొకకాలపు జనులు దేనిని జూచి యేడ్చిరో తెలిసికొన్నదానికంటె దేనిని జూచి నవ్విరో తెలిసికొన్నచో వారి హృదయము మనకు మఱింత స్పష్టముగ గోచరించును. ఏడ్చునప్పుడు మనుష్యుడు తన్ను దాను గనిపెట్టుకొని యుండును, నవ్వునప్పుడు మఱచిపోవును.

ఇందులకు నిదర్శనముగ నొక చిన్న మూగచిత్రమును పాఠకుల యెదుట నుంచదలచితిని. అది 1907వ సంవత్సరమున ఫ్రాన్సు దేశమున పాథే సోదరుల సంస్థవారు నిర్మించినది. దర్శకుడు ఫెర్డినాండ్ జెక్కా. ఫ్రెంచిలో దాని పేరు ‘లా కూర్స్ దే సెర్జాన్ ద విల్’. అనగా ‘పట్టణభటుల పరుగు’ అని యర్థము. ఆద్యంతము చూచుటకు ఆఱేడు నిమిషములు చాలును. అందు నాయకుడు కుక్క, ప్రతినాయకులు రక్షకభటులు, కలహమునకు మూలము కసాయి యంగడిలోని యొక గొఱ్ఱెతొడ.

ఇంత యల్పవిషయమున కింత పీఠిక యేల యని కొందఱు శంకింపవచ్చును. కారణము చెప్పెదను. ఇటీవల మా పాఠశాలలో తొమ్మిదవ తరగతి విద్యార్థులకు పూర్వకాలపు మూగచిత్రములను మూడింటిని వరుసగ జూపితిని. పిల్లలు కడుపుబ్బ నవ్విరి. చివర నొక బాలిక లేచి నన్నొక ప్రశ్న యడిగెను. నాయొద్ద దానికి సిద్ధముగ నుత్తరము లేకపోయెను. ఆ యుత్తరమును వెదకుచు బోగా నీ వ్యాసము తేలినది. మూడు చిత్రముల చరిత్రమును దెలియనిదే యా ప్రశ్న యొక్క బరువు తెలియదు గావున మొదట దానినే విన్నవించెదను.

ఇంగ్లండు దక్షిణతీరమున బ్రైటన్ పట్టణము నానుకొని హోవ్ అను నూరు గలదు. అచట జేమ్స్ విలియమ్‌సన్ అను నాతడు మందుల దుకాణము నడుపుచు, ఛాయాచిత్రములయం దభిరుచి గలవాడై క్రమముగ చలనచిత్రములు తీయ నారంభించెను. 1901లో నతడు ‘స్టాప్ థీఫ్!’ అను చిన్నచిత్రమును దీసెను. ‘దొంగ! దొంగ! పట్టుకొనుడు!’ అనుట వంటిది ఆ పేరు. అందున్నవి మూడే దృశ్యములు. కసాయివాడు మాంసపు పళ్లెముతో వీథిని బోవుచుండును. ఇల్లువాకిలి లేని దేశద్రిమ్మరి యొకడు అందుండి మాంసఖండము నొకదానిని లాగికొని పరుగెత్తును. కసాయివాడు వెంటబడును. మాంసపు వాసన పట్టి కుక్కలును వెంటబడును. దొంగ యొక పీపాలో దూరును. కుక్కలును అందులోనికే దుముకును. కసాయివాడు వచ్చి కుక్కలను, దొంగను వెలికిదీసి, దొంగను చావబాదును. మాంసము కుక్కల పాలు, దెబ్బలు మనుష్యుని పాలు, కథ సమాప్తము.

చలనచిత్రకళ యొక్క చరిత్రమున నీ చిత్రమునకు గొప్పస్థానము గలదు. అంతకుముందు చిత్రములనేకము ఒకే దృశ్యముతో ముగియుచుండెను. ఒక దృశ్యమునుండి పరుగెత్తి వెడలిన మనుష్యుడు వేఱొక దృశ్యమున బ్రవేశించినచో, ఆ రెండు చోట్లును ఒకే కథలోనివని చూపఱకు బోధపడునని నిరూపించిన తొలి ప్రయత్నములలో నిది యొకటి. వెంటబడి తరుముట యనునది చలనచిత్రమునకు దొరికిన మొదటి వ్యాకరణసూత్రమని చెప్పవచ్చును. అయితే యా సూత్రమునకు గ్రహింపబడిన యుదాహరణ మెట్టిదో గమనింపుడు. తరుమబడినవాడు ఆకలిగొన్న యనాథుడు. బయట నిద్రించుటయు, బిచ్చమెత్తుటయు నేరములుగ నెంచు 1824 నాటి చట్టము ఆనాటి యింగ్లండులో నమలునందుండెను. అట్టివాడు దెబ్బలు తినుచుండగా జూచి యుల్లాసపడుట యెవరికిని తప్పుగ దోచలేదు.

నాలుగేండ్లకు, 1905లో, అదే యింగ్లండున సెసిల్ హెప్‌వర్త్ అను నిర్మాత ‘రెస్క్యూడ్ బై రోవర్’ అను చిత్రమును వెలువరించెను. ఇది హాస్యచిత్రము గాదు. అయినను మన కథకు మిక్కిలి యవసరమైనది. ఒక సంపన్నగృహపు దాది పసిపాపను బండిలో నుంచి త్రిప్పుచు, దారిలో సిపాయితో ముచ్చటలాడుచు నేమఱియుండగా, భిక్ష దొరకక కోపించిన బిచ్చగత్తె యొకతె పాపను దొంగిలించును. ఇంటికుక్క రోవర్ వీథులు దాటి, యేఱు నీది, పేదలవాడలో దలుపు దలుపునకు బోయి వెదకి, పాపను గనిపెట్టును. తిరిగి వచ్చి యజమానిని వెంటగొనిపోవును. చిత్రమునందలి పాపయు, తల్లిదండ్రులును హెప్‌వర్త్ కుటుంబమువారే. కుక్కయు వారు పెంచుకొన్నదే. దాని నిజనామము బ్లెయిర్. కథను గూర్చినది హెప్‌వర్త్ భార్య. మొత్తము వ్యయము 7 పౌనులు, 13 షిల్లింగులు, 9 పెన్నీలు. ప్రతులు మాత్రము 395 అమ్ముడుపోయినవి. ప్రతులు తీసి తీసి మూలపు ఫిల్ము అఱిగిపోగా, అదే కథను మఱి రెండుమారులు మొదటినుండి తీయవలసివచ్చెను.

1901 నాటి కుక్కలు తమ యాకలిచే దొంగను బట్టియిచ్చినవి. 1905 నాటి కుక్క స్వామిభక్తిచే బట్టియిచ్చినది. రెండు కథలయందును పట్టుబడినది పేదలే. ఆ కాలమునకును ఈ కుక్కకును పొత్తు లేకపోలేదు. 1899లో బెల్జియము దేశపు ఘెంట్ నగరమున రాత్రి గస్తీకై కుక్కలకు శిక్షణమిచ్చి రక్షకభటులతో గూడ ద్రిప్పుట యారంభమయ్యెను. తరువాత నితర నగరములును దానిని జూచి నేర్చుకొనినవి. కుక్కకు గూడ నుద్యోగము దొరకిన కాలమది.

ఇట్లుండగా 1907లో పాథేవారి కుక్క వచ్చెను. షార్ల్ పాథే తన సోదరులతో గలిసి 1896లో స్థాపించిన యీ సంస్థ పదేండ్లలో ప్రపంచమున కెల్ల పెద్ద చలనచిత్ర నిర్మాణసంస్థ యయ్యెను. కోడిపుంజు వారి ముద్ర. 1906 డిసెంబరులో పారిసున ‘ఆమ్నియా పాథే’ యను స్థిరమైన ప్రదర్శనశాలను గూడ దెఱచిరి. అమెరికాలో ఐదుసెంట్ల టిక్కెట్టుతో నాడు పుట్టగొడుగులవలె వెలసిన చిన్న ప్రదర్శనశాలలకు చిత్రములను సరఫరా చేసినవారిలోను పాథేవా రగ్రగణ్యులు. ఇక దర్శకుడు జెక్కా పండితుడు గాడు, నాటకకర్త గాడు. కాఫీశాలలలో పాటలు పాడి, వేషములు వేసి జనులను నవ్వించి జీవించినవాడు. సామాన్యుడు దేనికి నవ్వునో యతనికి పుస్తకములు చదివి తెలిసికొన నక్కఱలేకపోయెను.

కథ మిక్కిలి సులభము. కుక్క యొకటి కసాయి యంగడినుండి గొఱ్ఱెతొడను నోట గఱచుకొని పరుగుదీయును. భటులు వెంటబడుదురు. ఒక్క కుక్కకై గుంపులు గుంపులుగ బరుగెత్తుదురు. ఒకరిపై నొకరు పడుదురు. లేచి మరల బరుగెత్తుదురు. దారికి ఇల్లడ్డము వచ్చినచో నింటి గోడపైకి బ్రాకుదురు. ఇంతలో కుక్క తన గూటికి జేరును. అచటినుండి కథ తలక్రిందులగును. తరుమబడిన కుక్క వెనుదిరిగి భటులనే తరుమును. వచ్చిన దారిని బట్టి భటులందఱును పరుగు పరుగున ఠాణా జేరుదురు. కట్టకడపటి దృశ్యమున కుక్క మొగము మాత్రము తెరనిండ దగ్గఱగ గనబడును. దాని తలపై భటుని టోపీ యుండును. అది గొఱ్ఱెతొడను తీరికగా నారగించుచుండును.

గోడ ప్రాకు దృశ్యమునందలి యుపాయమును గూడ జెప్పవలెను. అది నిజముగ గోడ గాదు. ఇంటి ముఖభాగమును జిత్రించి నేలపై బఱచి, ఛాయాయంత్రమును పైనుండి క్రిందికి జూచునట్లమర్చి, భటవేషధారులను దానిపై బ్రాకించిరి. తెరపై జూచువారికి వారు నిలువుగోడపై బల్లులవలె నెగబ్రాకుచున్నట్లుండును. ఉద్యోగపు దర్పముతో నిటారుగ నడచువారిని పొట్టపై బ్రాకించుట యను నీ యుపాయములోనే సగము హాస్యము గలదు.

ఈ భటులకొక చరిత్రము గలదు. 1829లో పారిసు నగరాధికారి డెబెల్లేమ్ యేర్పఱచిన దుస్తులు ధరించు రక్షకదళమునకు ‘సెర్జాన్ ద విల్’ అని పేరు. చక్రవర్తిత్వము నశించిన 1870లో ఆ పేరు మార్చి ‘శాంతిరక్షకులు’ అను నర్థము వచ్చు క్రొత్త పేరు పెట్టిరి. దొరతనమువారు పేరు మార్చి ముప్పదియేడేండ్లయినను జనుల నోట పాతపేరే నిలిచెను. చిత్రమునకు గూడ పాతపేరే పెట్టిరి. ఆనాటి పరిస్థితులను గూడ నొక్కింత స్మరింపవలసి యున్నది. 1906 మార్చిలో కూరియేర్ బొగ్గుగనిలో ప్రేలుడు సంభవించి 1,099 మంది మరణించిరి. గనికార్మికులు సమ్మె చేసిరి. ఆ మే మాసపు మొదటి దినమున నెనిమిది గంటల పనిదినమును గోరి కార్మికులు పారిసులో ప్రదర్శనములు జరుపగా, దేశాంతరంగిక మంత్రి క్లెమెన్సో నగరమును సైనికులతో నింపెను. 1907 జూనులో దక్షిణమున నార్బన్ పట్టణమున ద్రాక్షరైతుల యాందోళనమునందు సైనికులు తుపాకులు గాల్చిరి, మనుష్యులు చచ్చిరి. అట్టి రెండేండ్లలో టోపీ పెట్టుకొన్నవాడు పరుగెత్తిపోవుచుండగా జూచుట సామాన్యజనమున కెంత యూరట కలిగించియుండునో యూహింపవచ్చును.

పాథేవారు దొరతనముపై గత్తి దూసి యీ చిత్రమును దీసిరని నా యభిప్రాయము గాదు. వారు వర్తకులు, జనము దేనికి డబ్బిచ్చునో దానిని దీసిరి. అట్టి హాస్యమునకు వారి దేశమున సంప్రదాయము గూడ గలదు. పందొమ్మిదవ శతాబ్ది యారంభమున లియోన్ నగరమున లోరాన్ మూర్గే యను నాతడు గిన్యోల్ అను బొమ్మను సృష్టించి యాటలాడించెను. పట్టుబట్టలు నేయు పేదల యాసతో మాటలాడు నా బొమ్మ భటుని కఱ్ఱతో బాదుట పిల్లలకును, పెద్దలకును గూడ మిక్కిలి ప్రియమైన ఘట్టము. బొమ్మ కొట్టినచో నేరము గాదు. కుక్క తరిమినచో నేరము గాదు. మనుష్యుడు చేయరాని పనిని బొమ్మచేతను, జంతువుచేతను చేయించి చూచి తృప్తిపడుట లోకమున బూర్వమునుండి వచ్చుచున్నదే.

మూగచిత్రమునకు భాష యడ్డుగాదు. కావున పారిసున బుట్టిన నవ్వు సముద్రములు దాటెను. పాథేవారి యంత్రసామగ్రితోనే కలకత్తాలో జంషెడ్జీ మదన్ గుడారమున చిత్రప్రదర్శనముల నారంభించెను. మన మచిలీపట్టణమువాడగు రఘుపతి వెంకయ్య 1910 ప్రాంతమున మద్రాసులో విదేశపు చిన్నచిత్రములను జూపుచు, దక్షిణదేశమున నూరూర గుడారములు వేసి తిరిగెను. అక్షరము రానివాడును, ఆంగ్లము రానివాడును గుడారమున గూర్చుండి పరుగును జూచి నవ్వగలిగెను. నవ్వుటకు చదువు అక్కఱలేదని మొదట నిరూపించినది యీ తరుముళ్ల చిత్రములే.

ఇప్పుడు మా తరగతిలోని బాలిక ప్రశ్నకు వచ్చెదను. ఆమె మాటలనే వ్రాసెదను. “మాష్టారూ, మొదటి బొమ్మలో మనిషీ ఆకలేసేగదండీ మాంసం తీసింది? వాణ్ణి కొడుతుంటే నవ్వాం. కుక్క తీస్తే మాత్రం, అది దొరక్కూడదనుకున్నాం. ఎందుకండీ?”

తరగతి యంతయు నిశ్శబ్దమయ్యెను. గంట మ్రోగుటచే నేను తప్పించుకొంటిని.

ఇంటికి వచ్చి నాకు దెలిసిన శాస్త్రమును దిరుగవేసితిని. భరతముని నాట్యశాస్త్రమున హాస్యము నాఱు విధములుగ విభజించెను: స్మితము, హసితము, విహసితము, ఉపహసితము, అపహసితము, అతిహసితము. వీనిలో మొదటి రెండు నుత్తములకు, నడిమి రెండు మధ్యములకు, కడపటి రెండు నధములకు జెప్పబడినవి. పండ్లు గనబడకుండ నవ్వుట యుత్తమము. కన్నీరు గార్చుచు, పార్శ్వములు పట్టుకొని నవ్వుట యధమము. ఈ విభాగము నవ్వువాని స్థాయినిబట్టి చేయబడినది. నవ్వబడువాని స్థితిని బట్టి చేయబడలేదు. పండ్లు గనబడకుండ చిఱునవ్వు నవ్వుచునే నిర్భాగ్యుని మర్మమున బొడువవచ్చును. కడుపు పట్టుకొని బిగ్గఱగ నవ్వుచునే యహంకారి యొక్క దర్పమును గూలద్రోయవచ్చును. మొదటి నవ్వుత్తమమనియు, రెండవది యధమమనియు నే నంగీకరింపలేను. నవ్వు నేవైపునకు దిగుచున్నది, ఎవనిపై బడుచున్నది యను విచారణ మనకు మిగిలియున్నది.

ధర్మశాస్త్రమువైపు చూచితిని. మహాభారత శాంతిపర్వమునందలి యాపద్ధర్మ ప్రకరణమున భీష్ముడు ధర్మరాజునకు జెప్పిన కథ యొకటి గలదు. పండ్రెండేండ్ల యనావృష్టి పట్టి లోకము క్షామముచే నల్లాడుచుండగా విశ్వామిత్ర మహర్షి యాకలికి దాళలేక చండాలవాటికకు బోయి, రాత్రివేళ నొక గుడిసెలో కుక్క తొడమాంసమును దొంగిలింప బూనును. ఇంటివాడు మేల్కొని, ఋషి యని గుర్తించి, యిది తగదని ధర్మము చెప్పును. బ్రదికియున్నగదా ధర్మము నాచరించుట యని ఋషి వాదించి, యా తొడను గొనిపోవును. ఆశ్చర్యమేమనగా, ఈ కథయందు గూడ వస్తువు తొడమాంసమే, దొంగిలించినవాడు నాకలిగొన్నవాడే. అయినను ఈ కథను విని యెవడును నవ్వడు. దొంగ ఋషి యగుటచే నది ధర్మసూక్ష్మమయ్యెను. దొంగ దేశద్రిమ్మరి యైనచో నది ప్రహసనమయ్యెను. దొంగ కుక్క యైనచో నది వినోదమయ్యెను. ఆకలి మూడు చోట్లను నొక్కటే. ఋషి దొంగతనమునకు వచ్చినప్పుడు గూడ నతనిని గొట్టక, నవ్వక, మాటలతో మఱలింపజూచిన మర్యాద యా గుడిసెవానిదే యని మఱువరాదు.

ఐరోపా, అమెరికా చిత్రములయందును ఈ ప్రశ్న యంతటితో నాగలేదు. అమెరికాలో మాక్ సెనెట్ 1912లో కీస్టోన్ సంస్థను స్థాపించి, పడుచు లేచుచు బరుగెత్తు భటులదళమును బ్రసిద్ధికి దెచ్చెను. తాను ఫ్రెంచివారినుండి నేర్చితినని యతడే యొప్పుకొనెను. ఆ సంస్థలోనే ల్యూక్ అను కుక్క నటించెను. అది 1915లో ఫాటీ ఆర్‌బకుల్ చిత్రమునందును, 1920లో బస్టర్ కీటన్ తీసిన ‘ది స్కేర్‌క్రో’ యందును మనుష్యులను గోడలపైకి నెక్కించి తరిమినది. కుక్క తరుముట యప్పటికి వినోదమునకు మామూలు సరకయ్యెను.

దానిని మరల మనుష్యుని కథతో గలిపినవాడు చార్లీ చాప్లిన్. 1918లో నతడు దీసిన ‘ఎ డాగ్స్ లైఫ్’ అను చిత్రమున నాయకుడు ఇల్లులేని ద్రిమ్మరి. ఖాళీస్థలమున కంచెప్రక్క నిద్రించును. భటుడు పట్టుకొనబోగా కంచెక్రిందనుండి యీవలకావలకు దొర్లి తప్పించుకొనును. ఉద్యోగమిచ్చు కచ్చేరియొద్ద పనికై మనుష్యులు త్రోసికొనుటను జూపి, వెంటనే యొక ముక్కకై కుక్కలు కఱచుకొనుటను జూపును. ఆ కుక్కల నడుమనుండి యొక దిక్కులేని కుక్కను రక్షించి తోడు దెచ్చుకొనును. ఇద్దఱును గలిసి తినుబండారపు బండియొద్ద దొంగిలించి తినుదురు. 1901లో దెబ్బలు తిన్న ద్రిమ్మరియు, 1907లో దప్పించుకొన్న కుక్కయు నిచట నొక్క చోట జేరిరి. జనులు నవ్విరి. కాని ద్రిమ్మరిని జూచి గాక, ద్రిమ్మరితో గూడ నవ్విరి. పదునేడేండ్లలో నవ్వు ప్రక్క మారినది. చరిత్రకారులు దీని నొక విప్లవముగ లెక్కింపకున్నను నేను లెక్కింతును.

ఇంతవఱకు గ్రంథస్థమైన చరిత్రము. ఇక నాకు సంబంధించిన చిన్నచరిత్రమును జెప్పవలసి యున్నది. చెప్పకున్నచో నీ వ్యాసము కపటమగును.

పదునైదేండ్ల క్రిందట నేనొక గ్రామ పాఠశాలలో పనిచేయుచుంటిని. గణతంత్ర దినోత్సవమునాడు పతాకావందనమునకు వచ్చు పెద్దలకొఱకు ఉపాధ్యాయుల గదిలో గారెలు తెచ్చి యుంచిరి. ఏడవ తరగతి బాలుడొకడు రెండు గారెలు దీసి చొక్కాలో దాచుకొనుచు బట్టువడెను. “కోతిచేష్ట చేసినాడు గనుక ఆంజనేయస్వామికి వలె వడమాల వేయింతమండీ” అని హాస్యమాడినది మఱెవరో గాదు, నేనే. ఎవరో దారము దెచ్చిరి. ఆ రెండు గారెలను దారమునకు గ్రుచ్చి వాని మెడలో వేసి జెండాకొయ్యయొద్ద నిలబెట్టితిమి. పిల్లలందఱును నవ్విరి, ఉపాధ్యాయులమును నవ్వితిమి. నా చమత్కారమునకు నేనే మురిసిపోతిని.

వాడు పది దినములు బడికి రాలేదు. పదునొకండవ నాడు నేను వాని యింటికి బోతిని. అవి మిరపకోతల దినములు. చీకటిపడిన తరువాత తల్లి పొలమునుండి వచ్చెను. నన్ను జూచి కంగారుపడి, కొంగు సవరించుకొని యిట్లనెను: “పిల్లోడు తప్పు చేశాడంటగదయ్యా, కొట్టండి, నేనేమీ అనను. తెల్లారకముందే నేను కూలికి పోతాను. రాత్రిది మిగిలితేనే పొద్దున వాడికి ముద్ద. మిగతా రోజుల్లో మధ్యాహ్నం మీ బళ్లో అన్నం పెడతారు. జెండా పండగనాడు పెట్టరంటగదయ్యా.”

నే నేమియు ననలేకపోతిని. జెండా పండుగనాడు మధ్యాహ్నభోజనము లేదన్న సంగతి నాకు దెలియును. ఆ దినమున నెవడు పస్తుండునో యన్న యాలోచన మాత్రము నాకు దట్టలేదు. బాలుడు మరునాటినుండి బడికి వచ్చెను. పదవ తరగతి ముగించి వెడలెను. ఆ యేండ్లలో నా పాఠమున నెన్నియో హాస్యములు చెప్పితిని గాని వాడొక్కనాడును నవ్వుట నేను చూడలేదు.

బాలిక ప్రశ్నకు నేను మరునాడిచ్చిన యుత్తర మిది. కుక్కను జూచునప్పుడు మన కేభయమును లేదు. మన మెన్నడును కుక్కలము గాము గనుక దాని స్థానమున నిలిచి సంతోషింతుము. ఆకలిచే దొంగిలించిన మనుష్యుని జూచునప్పుడు మనలో నొక భయము కదలును: కాలము తప్పినచో నేనును ఇట్లగుదు నేమో యని. ఆ భయమును దూరము చేసికొనుటకే వానిని దూరముగ నుంచి నవ్వుదుము. ఇట్లు చెప్పి, వడమాల కథను గూడ దాచక వారికి జెప్పితిని. ఈ మా రెవరును నవ్వలేదు. ఆ బాలిక మాత్రము, “ఆ అబ్బాయికి మీరు తప్పయిందని చెప్పారా అండీ?” అని యడిగెను. చెప్పలేదంటిని. చెప్పవలసి యుండెననియు అంటిని.

మన యిండ్లలోని సంగతిని గూడ నొక్కింత తలపోయుదము. పనికి వచ్చు పిల్ల వంటయింటిలో నొక లడ్డూ తీసికొని నోట వేసికొన్నదని చుట్టములు వచ్చినప్పుడు నవ్వుచు జెప్పుకొను గృహములు లేకపోలేదు. అదే లడ్డూను పెంపుడుకుక్క దినినచో దాని తెలివిని మెచ్చుకొని నవ్వుదుము. రెండును నవ్వులే. కాని యొక నవ్వు విని కుక్క తోక యాడించును. రెండవ నవ్వు విని యా పిల్ల వంచిన తల మన యింట నున్నంతకాలము ఎత్తదు. నవ్వు మానుమని నేను చెప్పను. నవ్వులేని యిల్లు నాకును నచ్చదు. నవ్వుటకు ముందు, ఆ పిల్ల పొద్దుట నేమి తిని వచ్చినదో యొక్కమాటు కనుగొనినచో జాలును.

పాథేవారి కుక్క టోపీ పెట్టుకొని నేటికిని తెరపై గొఱ్ఱెతొడను దినుచునే యున్నది. మా పిల్లలు దానిని మరల జూపుమని యడిగిరి. చూపితిని. మొదటి చిత్రమును గూడ మరల జూపితిని. పీపాలోనుండి లాగబడి మనుష్యుడు దెబ్బలు తినువేళ, నవ్వుటకు దెఱచిన నోళ్లు కొన్ని మూసికొనుట నేను గమనించితిని.